మండపంలో వచ్చేది ప్రతిధ్వనా, ప్రతినాదమా, ఉత్తి మోతా?

నాగావళి గట్టు:
శ్రీకాకుళం, విజయనగరం కల్యాణ మండపాల్లో మైకు పట్టగానే అందరూ అనే మాట ‘ఎకో వస్తంది’. రాసేటప్పుడు దాన్ని ‘ప్రతిధ్వని’ అనేస్తున్నారు. పాఠ్యపుస్తకంలో ప్రతినాదం, అనునాదం అని వేరే మాటలున్నాయి. కొందరు అనురణనం అంటారు. ఇన్నెందుకు, ‘మారుమోగుతోంది’ అంటే చాలదా? తెలిసిన మాస్టార్లు చెప్పండి.

కొలబద్ద:
ప్రతిధ్వని అనాలంటే తిరిగొచ్చిన శబ్దం అసలు శబ్దం నుంచి విడిగా వినపడాలండి. విన్న శబ్దం చెవిలో సుమారు సెకనులో పదో వంతు నిలుస్తుంది. 25 డిగ్రీల దగ్గర ధ్వని వేగం సెకనుకి 346 మీటర్లు. అంటే 0.1 సెకనులో 34.6 మీటర్లు. వెళ్లి రావాలి కాబట్టి గోడ కనీసం 17.3 మీటర్ల దూరంలో ఉండాలి. 35 డిగ్రీల ఎండలో వేగం 352 దాకా పెరుగుతుంది, దూరం 17.6 అవుతుంది. అయితే ఇది చప్పట్లాంటి పొట్టి శబ్దానికే. మాట్లాడేటప్పుడు సెకనుకి ఐదారు అక్షరాలు పలుకుతాం. రెండక్షరాల పేరు చెదరకుండా తిరిగి రావాలంటే సుమారు 0.4 సెకను, అంటే 69 మీటర్లు కావాలి. కొండ ముందు పిలిస్తే చివరి అక్షరమే తిరిగొస్తుందని పిల్లలు అంటారే, కారణం ఇదే: మొదటి అక్షరం వచ్చేసరికి మనమింకా పలుకుతూనే ఉంటాం.

సౌండు బాక్సు:
మండపంలో ప్రతిధ్వని, ప్రతినాదం రెండూ ఉంటాయండీ, అదే తంటా. 30 మీటర్ల పొడవు, 15 వెడల్పు, 6 ఎత్తు అనుకోండి. వేదిక మీద మాట్లాడేవారికి ఎదురు గోడ నుంచి మాట 0.17 సెకను ఆలస్యంగా వస్తుంది. అది ప్రతిధ్వనే, అందుకే తడబడతారు. మధ్యలో కూర్చున్నవారికి నాలుగు గోడలు, పైకప్పు, నేల నుంచి వందల పరావర్తనాలు ఒకదాని మీద ఒకటి పడతాయి. ఏదీ విడిగా వినపడదు, మాటకి తోకలా సాగుతుంది. అది ప్రతినాదం.

దీన్ని కొలిచే పద్ధతి సెబైన్ అనే ఆయనది, 1895 నుంచి హార్వర్డ్‌లో కుర్చీల మెత్తలు పరిచి చూసి కట్టాడు. శబ్దం 60 డెసిబెల్స్ తగ్గడానికి పట్టే సెకన్లు = 0.161 × ఘనపరిమాణం ÷ మొత్తం శోషణ (గోడలు, నేల, మనుషులు శబ్దాన్ని పీల్చే లెక్క, చదరపు మీటర్లలో). పై మండపం 2700 ఘనపు మీటర్లు, లోపలి ఉపరితలం 1440 చదరపు మీటర్లు. గచ్చు, టైల్సు, సిమెంటు గోడలు సగటున నూటికి మూడు వంతులే పీలుస్తాయి అనుకుంటే శోషణ 43. ఖాళీగా ఉంటే పది సెకన్లు! 500 మంది కూర్చుంటే మనిషికి 0.45 చొప్పున 225 కలుస్తుంది, 1.6 సెకనుకి దిగుతుంది. అందుకే ముందురోజు ఖాళీ హాల్లో మైకు పరీక్ష చేసి కంగారు పడకూడదు. మాటకి ఒక సెకను చుట్టుపక్కల ఉంటే బాగుంటుంది.

మోత వస్తోందని వాల్యూమ్ పెంచితే మాటతో పాటు మోతా అంతే పెరుగుతుంది. స్పీకర్లను మనుషుల తలల వైపు వంచాలి, ఎదురు గోడ మీదకి కాదు. థర్మాకోల్ అంటిస్తే లాభం లేదు, దాని గదులు మూసుకుని ఉంటాయి, గాలి దూరదు. కోడిగుడ్ల అట్టలదీ ఉత్త నమ్మకమే. మందపాటి తెర గోడకి ఆనించకుండా 10-15 సెంటీమీటర్లు ఎడంగా వేలాడదీయాలి, గోడ దగ్గర గాలి కదలిక సున్నా, తెర అక్కడ ఏమీ పీల్చలేదు. అయినా డోలు అడుగు మోత (బేస్) తగ్గదు: 100 హెర్ట్జ్ తరంగం సుమారు 3.5 మీటర్ల పొడుగు, ఈ తెరకి లొంగదు.

పనస చెక్క:
అనునాదం ఈ గుంపులోకి రాదు బాబూ. బొబ్బిలి వీణలో తీగె ఒక్కతీ గాలిని ఎంతో కదపలేదు. కంపనం గుర్రం (తీగెలు ఆనే వంతెన) మీదుగా పనస చెక్కతో తొలిచిన కుండ పైపలకకి చేరి, అక్కడ పెద్ద ఉపరితలం గాలిని తోస్తుంది. నిక్కచ్చిగా అది బలాత్కృత కంపనం, అంటే తీగె కదిపినట్టల్లా పలక కదలడం. తీగె పౌనఃపున్యం (సెకనుకి ఎన్ని కంపనాలో) లోపలి గాలి సహజ పౌనఃపున్యంతో కుదిరి నాదం పెరిగిన చోట్ల మాత్రమే అనునాదం. గోడకి కొట్టుకుని తిరిగొచ్చే పని ఇందులో ముఖ్యం కాదు.

ఇక అనురణనం. అలంకారశాస్త్రంలో గంట కొట్టాక సాగే నాదాన్ని అలా అంటారు, వ్యంగ్యార్థానికి (మాటల వెనక స్ఫురించే అర్థానికి) పోలికగా. అక్కడ గంటే ఇంకా కంపిస్తోంది. గోడలు లేని మైదానంలోనూ అది ఉంటుంది. కాబట్టి మండపం మోతకి అనురణనం అనడం నాకు నచ్చదు.

నాగావళి గట్టు:
మరి జాతరలో రెండు మైకుల నుంచి ఒకే పాట రెండుసార్లు వినపడితే?

సౌండు బాక్సు:
అదీ ప్రతిధ్వని కాదు. దగ్గరి మైకు కన్నా దూరపుది 50 మీటర్లు ఎక్కువ ఎడంగా ఉంటే 0.14 సెకను ఆలస్యం. పరావర్తనమే లేదు. దగ్గరి మైకుకి అంత ఆలస్యం పెడితే కుదురుతుంది. తెర కట్టి లాభం లేదు.

కొలబద్ద:
‘మారుమోగు’ సంగతి. మారు అంటే తిరిగి, బదులుగా: మారుమాట, మారుపలుకు, మారువేషం. పాత రాతలో మార్మ్రోగు. కాబట్టి తిరిగొచ్చే గోడ ఉన్నచోట అది చక్కటి మాట, ప్రతిధ్వని, ప్రతినాదం రెంటికీ నప్పుతుంది. శాస్త్రం రాసేటప్పుడు మాత్రం ఆ రెండూ వేరుచేయాలి. విజయనగరం పైడితల్లమ్మ సిరిమానోత్సవంలో మూడు లాంతర్ల కూడలి నుంచి కోట దాకా వీధికి రెండు వైపులా మేడలున్నాయి, అక్కడ డప్పులు మారుమోగాయి అనండి. కోత అయిపోయిన పొలంలో తప్పెటగుళ్లు (రొమ్ముకి తప్పెట కట్టుకుని వాయిస్తూ ఆడే ఆట) ఆడితే?

పనస చెక్క:
మోగాయి. అంతే.