మేనకోడలికి విదేశీ క్లబ్బు పిలుపు: పంపాలా, ఉద్యోగంలో చేర్చాలా?

బరంపురం_మేనమామ:
అందరికీ నమస్కారం. మాది బరంపురం, మూడు తరాలుగా ఇక్కడే ఉన్నాం. మా అక్క కూతురికి ఇరవై నిండాయి. ఫుట్‌బాల్‌లో మిడ్‌ఫీల్డర్, అంటే మైదానం మధ్యలో ఆడుతుంది. చిన్నప్పుడు పర్లాకిమిడిలో ఒక మాస్టారి దగ్గర మొదలుపెట్టింది, తర్వాత భువనేశ్వర్‌లో హాస్టల్లో ఉండి ఆడింది. ఇప్పుడు ఇండియన్ ఉమెన్స్ లీగ్ రెండో డివిజన్‌లో ఒక జట్టుకి ఆడుతోంది. ఒకే వారంలో రెండు కాగితాలు వచ్చాయి. ఒకటి స్పోర్ట్స్ కోటా ఉద్యోగం, నెలన్నరలో చేరాలి. రెండోది యూరప్‌లో ఒక చిన్న క్లబ్బు. పది నెలల కాంట్రాక్టు, నెలకి ఐదువందల యూరోలు, గది, రెండు పూటల భోజనం. పోయే టికెట్ వాళ్ళదే, వచ్చే టికెట్ మాట ఎక్కడా రాయలేదు. మా బావగారు నోరు విప్పరు, అక్క ఏడుస్తోంది. పది నెలలంటే వచ్చే మాఘం దాటిపోతుంది. ఆట గురించి నాకు పెద్దగా తెలీదు. రెండు మూడు మ్యాచ్‌లు చూశాను. బంతి తన వైపు వస్తుంటే అటూ ఇటూ దిక్కులు చూస్తుంది, ఎన్నిసార్లు చెప్పినా మానదు. తెలిసినవాళ్ళు సలహా ఇవ్వండి.

గుణుపురం_కుర్రాడు:
ఆలోచించేదేముంది, పంపండి. మనీషా కల్యాణ్ 2022లో సైప్రస్‌లో అపోలాన్ లేడీస్‌కి వెళ్ళింది. ఆ ఆగస్టులోనే ఉమెన్స్ ఛాంపియన్స్ లీగ్‌లో ఆడిన మొదటి భారతీయురాలైంది. తర్వాత గ్రీస్, ఆ తర్వాత పెరూ. మిడ్‌ఫీల్డర్లకి రోజులు బాగున్నాయి.

రాయగడ_400మీ:
మనీషా మిడ్‌ఫీల్డర్ ఎప్పుడైంది? ఫార్వర్డ్, ముందుండి గోల్స్ కొట్టేది. 2021 నవంబర్‌లో బ్రెజిల్ మీద గోల్ కొట్టింది, చూశావా?

గుణుపురం_కుర్రాడు:
చూశాను. ఆ మ్యాచ్ 6-1తో ఓడిపోయాం కూడా. వెనక్కి దిగి కూడా ఆడుతుంది కదా.

రాయగడ_400మీ:
వెనక్కి దిగితే మిడ్‌ఫీల్డర్ అయిపోతుందా? మా ఇంటికొస్తే నువ్వు మా వాడివైపోతావా? ఫార్వర్డ్ గోల్ కొడితే వీడియో కట్ చేసి ఏ క్లబ్బుకైనా పంపొచ్చు. మిడ్‌ఫీల్డర్ పని వీడియోలో కనపడదు. అందుకే ఆ ఉదాహరణ ఇక్కడ చెల్లదు అంటున్నాను.

పీఈటీ_పర్లాకిమిడి:
ఆ మాస్టారిని నేనే. ఆ పిల్లకి పదకొండో ఏట మొదటిసారి బంతి ఇచ్చింది నేనే. మేనమామగారూ, "దిక్కులు చూస్తుంది" అన్నారే, నవ్వొచ్చింది, తర్వాత బాధేసింది. అది నేను రెండేళ్ళు నేర్పిన విద్య. బంతి కాలికి చేరకముందే కుడి భుజం మీదుగా ఒకసారి, ఎడమ భుజం మీదుగా ఒకసారి వెనక్కి చూడాలి. వెనక ఎవరున్నారో, ఖాళీ ఎక్కడుందో అప్పటికే తెలిసుంటే బంతి తగలగానే తిరిగిపోవచ్చు. అలా చూడని పిల్ల బంతి ఆపి, తలెత్తి, అప్పుడు వెతుక్కుంటుంది. ఈలోపు ఎదుటివాళ్ళు మీదపడతారు. నా దగ్గర ఆడిన నలభై, యాభై మంది ఆడపిల్లల్లో చెప్పకుండానే తల తిప్పేవాళ్ళు ఇద్దరు. ఈమె ఒకతి.

రెండో ఆమె సంగతి కూడా చెబుతాను. ఎడమకాలి పిల్ల. రాష్ట్రం జట్టు క్యాంపుకి పిలుపొచ్చిన నెలలోనే పెళ్ళి చేసేశారు. నిరుడు చంకన బిడ్డతో గ్రౌండు గట్టు మీద కూర్చుని ఆట చూసి వెళ్ళింది. నన్ను పలకరించలేదు. అందుకని నాది ఒకటే మాట, పంపండి. నిజామాబాద్ అమ్మాయి సౌమ్యా గుగులోత్ 2022లో క్రొయేషియాలో డినామో జాగ్రెబ్‌కి వెళ్ళింది. వచ్చాక ఏమైనా చెడిపోయిందా? ఈస్ట్ బెంగాల్ 2024-25లో లీగు గెలిచినప్పుడు ఆ జట్టులో ఉంది.

రాయగడ_400మీ:
సౌమ్య కూడా ఫార్వర్డే మాస్టారూ.

పీఈటీ_పర్లాకిమిడి:
ఫార్వర్డ్ కాకపోతే విమానం ఎక్కనివ్వరా ఏమిటి!

పాత_బస్టాండు:
వెళ్ళి గెలిస్తే పేపర్లో ఒడిశా అమ్మాయి అని వేస్తారు. తెలుగు పేపర్ల వాళ్ళకి మనం కనపడం. 1936లో ఒడిశాని వేరు చేసి సరిహద్దు గీత గీసినప్పటి నుంచీ ఇంతే.

గుణుపురం_కుర్రాడు:
మళ్ళీ మొదలుపెట్టారు.

రాయగడ_400మీ:
నేను గీత సంగతి మాట్లాడను, జీతం సంగతి మాట్లాడతాను. నేను 400 మీటర్లు పరిగెత్తేవాణ్ణి. ఇరవై రెండో ఏట స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగం వచ్చింది, ఇరవై నాలుగో ఏట మోకాలు పోయింది. ఉద్యోగం ఉంది కాబట్టి ఆపరేషన్ అయింది, చెల్లెలి పెళ్ళయింది, ఇల్లు లేచింది. నాతోపాటు పరిగెత్తినవాడు, నాకంటే అర సెకను ముందుండేవాడు, ఇంకా పెద్ద మీట్లు ఆడాలని ఉద్యోగం వద్దన్నాడు. ఇప్పుడు ఒక కొట్లో బస్తాలు దించుతున్నాడు. నేను కనపడితే ఇంకో వీధిలోంచి పోతాడు.

మిడ్‌ఫీల్డర్ ఉదాహరణ కావాలంటే నేనిస్తాను. 2025 జూలై 5, చియాంగ్ మై, థాయ్‌లాండ్ మీద 2-1. రెండు గోల్సూ సంగీతా బాస్ఫోర్‌వే. అసలైన మిడ్‌ఫీల్డర్. క్వాలిఫయర్లు గెలిచి మన ఆడవాళ్ళు ఆసియా కప్‌కి వెళ్ళడం అదే మొదటిసారి. ఆవిడకి ఎస్‌ఎస్‌బీలో, అంటే సరిహద్దు కాపలా బలగంలో ఉద్యోగం ఉంది. ఏ యూరప్‌కీ పోకుండానే ఇండియాని గట్టెక్కించింది.

పీఈటీ_పర్లాకిమిడి:
బాలాదేవికి మణిపూర్ పోలీసులో ఉద్యోగం. 2020లో స్కాట్లాండ్‌లో రేంజర్స్‌కి వెళ్ళింది. ఉద్యోగమూ ఉంది, విదేశమూ ఉంది. రెంటిలో ఒకటే అని మీరెందుకు పట్టుబడుతున్నారు?

రాయగడ_400మీ:
ఆవిడ ముందు ఉద్యోగంలో ఉంది, పేరొచ్చాక వెళ్ళింది. ఈ పిల్ల ఇంకా చేరనే లేదు. చేరకముందే సెలవు ఎవరిస్తారు? పైగా బాలాదేవి కూడా ఫార్వర్డే.

గుణుపురం_కుర్రాడు:
🙏

రాయగడ_400మీ:
ఒకటి అడుగుతాను, మాస్టారు ఏమీ అనుకోవద్దు. ఆటగాళ్ళు విదేశీ క్లబ్బుకి పోతే చిన్నప్పుడు నేర్పినవాళ్ళకి డబ్బు ముడుతుందని ఫిఫా రూలు ఉంది. మీ ఉత్సాహానికి కారణం అదేనా?

పీఈటీ_పర్లాకిమిడి:
అడిగారు కాబట్టి వినండి. మీరు చెప్పే శిక్షణ పరిహారం మగవాళ్ళ ఆటకే. ఆడవాళ్ళ ఫుట్‌బాల్‌కి అది వర్తించదని ఫిఫా నియమాల్లోనే ఉంది. ఇంకోటి ఉంది, ఒక క్లబ్బు ఇంకో క్లబ్బుకి కట్టే బదిలీ సొమ్ములో ఐదు శాతం పన్నెండు నుంచి ఇరవై మూడేళ్ళ మధ్య తయారుచేసిన క్లబ్బులకి పంచాలి. ఆ పిల్లకి ఇక్కడ కాంట్రాక్టు అయిపోతోంది, బదిలీ సొమ్ము లేకుండానే వెళ్తోంది. సున్నాలో ఐదు శాతం ఎంతో మీరే లెక్కవేయండి. ముప్ఫై ఏళ్ళు పిల్లలకి నా జేబులోంచి అరటిపళ్ళు, గ్లూకోజ్ కొన్నాను. ఈ మాట పడతానని అనుకోలేదు.

రాయగడ_400మీ:
సరే, ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను. ఫార్వర్డ్ మాట తీసుకోను.

జయపురం_సిస్టర్:
మీరిద్దరూ కొట్టుకుంటుంటే అసలు కాగితం ఎవరూ చదవడం లేదు. నేను నర్సుని, ఆరేళ్ళు గల్ఫ్‌లో చేశాను. అన్నయ్యగారూ, ఇవి చూసుకోండి. ఏజెంటుకి ఫిఫా లైసెన్సు ఉందో లేదో అడగండి. ముందుగా డబ్బు అడిగాడంటే అక్కడితో ఆపేయండి. వచ్చే టికెట్ కాంట్రాక్టులో రాయించండి, వాట్సాప్‌లో చెప్పింది చెల్లదు. దెబ్బ తగిలితే వైద్యం ఎవరిదో, ఆడలేని నెలల్లో జీతం ఇస్తారో లేదో రాయించండి. రెండు నెలల జీతం ఎగ్గొడితే క్లబ్బుకి పదిహేను రోజుల నోటీసిచ్చి, అప్పటికీ కట్టకపోతే కాంట్రాక్టు తెంచుకునే హక్కు ఆటగాళ్ళకి ఉంది, అది పిల్లకి తెలిసుండాలి. అన్నిటికన్నా ముఖ్యం, పాస్‌పోర్టు తన దగ్గరే ఉండాలి. నాది మొదటి యజమాని పదకొండు నెలలు బీరువాలో పెట్టుకున్నాడు.

పాత_బస్టాండు:
పాస్‌పోర్టు అంటే గుర్తొచ్చింది. ఇంటిపేరు ముందుందా, వెనకుందా చూసుకోండి. మావాడి ఒడియా మీడియం సర్టిఫికెట్‌లో ఇంటిపేరే అసలు పేరైపోయింది, అసలు పేరు వెనక తోకలాగా ఉంది. సరిచేయించడానికి రెండు నెలలు తిరిగాం. క్లబ్బు మారే సర్టిఫికెట్‌లో కూడా పేరు పాస్‌పోర్టులో ఉన్నట్టే ఉండాలిగా?

పీఈటీ_పర్లాకిమిడి:
ఉండాలి. ఈయన వచ్చినప్పటి నుంచీ చెప్పిన మొదటి పనికొచ్చే మాట ఇది.

జయపురం_సిస్టర్:
ఇంకొక్కటి. నేను ఇరవై నాలుగో ఏట కువైట్ వెళ్ళినప్పుడు మా ఇంట్లో ఒక్కరు పంచాయతీ పెట్టలేదు. ఆడపిల్ల, ఒంటరి, పరాయి దేశం అని ఎవరికీ గుర్తురాలేదు. నెలనెలా డబ్బు వస్తుందని తెలుసు కదా. ఇక్కడ ఐదువందల యూరోలే కాబట్టి అందరికీ భయాలు పుట్టాయి. సరే, అన్నయ్యగారూ, మీ మొదటి పోస్టులో ఒక మాట నాకు ముల్లులా గుచ్చుకుంటోంది. "వచ్చే మాఘం దాటిపోతుంది" అన్నారు. ఫుట్‌బాల్‌కి మాఘం ఏమిటి?

బరంపురం_మేనమామ:
మాట వరసకి అన్నాను. దానికి పెడర్థాలు తీయకండి.

జయపురం_సిస్టర్:
మాట వరసకి జనవరి అంటారు, ఫిబ్రవరి అంటారు. మాఘం అని ముహూర్తాలు చూసేవాళ్ళే అంటారు.

గుణుపురం_కుర్రాడు:
అక్కా, వీడియో చూసి తప్పులు పట్టే వీఏఆర్ రిఫరీకి కూడా ఇంత కన్నుండదు.

బరంపురం_మేనమామ:
అవును, ముహూర్తమే. దాచేదేముంది? మా అబ్బాయికిచ్చి చేయాలని ఆ పిల్ల పుట్టినప్పుడే అక్కా నేనూ అనుకున్నాం. మా ఇళ్ళల్లో మేనరికం కొత్తా? బావగారికి చెప్పుల కొట్టు పోయినప్పుడు హాస్టల్ ఖర్చులు ఎవరు పెట్టారు? బూట్లు ఎవరు కొన్నారు? ఏడాదికి రెండు జతలు అరిగిపోయేవి. పెద్ద జ్వరం వస్తే భువనేశ్వర్‌కి రాత్రి బండిలో వెళ్ళి మూడు రోజులు ఆసుపత్రి బెంచీ మీద పడుకున్నది ఎవరు? మాస్టారా? మీరా? ఆడుకోవద్దని నేను ఏనాడూ అనలేదు. ఉద్యోగంలో చేరితే ఇక్కడే ఉంటుంది, జట్టుకి ఆడుకుంటుంది, మా కళ్ళముందు ఉంటుంది. యూరప్ వెళ్ళిన పిల్ల తిరిగొచ్చి బరంపురంలో మా ఇంట్లో కాపురం చేస్తుందా? మీ గుండె మీద చెయ్యేసుకుని చెప్పండి.

పాత_బస్టాండు:
ఖర్చుపెట్టినవాడికి ఒక మాట చెప్పే హక్కు కూడా లేదా? అందరూ ఒక్కసారి ఆయన మీద పడకండి.

పీఈటీ_పర్లాకిమిడి:
మాట చెప్పొచ్చు. సలహా అడుగుతున్నానని మమ్మల్ని కూర్చోబెట్టి ముహూర్తం మడతలో దాచకూడదు. నాకు మళ్ళీ గ్రౌండు గట్టు కనపడుతోంది.

రాయగడ_400మీ:
నేనూ ఒకటి చెప్పాలి. మూడు రోజులుగా నా మోకాలి కథ, నా స్నేహితుడి బస్తాల కథ విప్పి చెప్పింది ఆ పిల్లకి కడుపు నిండే దారి ఉండాలని. మీ ఇంటికి కోడలు దొరకాలని కాదు. ఉద్యోగం మంచిదన్న మాట మీద నేను ఇప్పటికీ ఉన్నాను. కానీ ఆ మాట తీసుకెళ్ళి మీ అక్కగారి ముందు "ఫోరంలో పెద్దలు ఇలా అన్నారు" అని చదవకండి.

బరంపురం_మేనమామ:
నిన్న రాత్రి ఒకసారి చదివాను. ఇక చదవను.

జయపురం_సిస్టర్:
మీ అబ్బాయి ఏమంటున్నాడు?

మోడరేటర్:
ఇంటి విషయాలు ఇంతవరకు చాలు. కాంట్రాక్టు, వీసా, ఉద్యోగం గడువు గురించి మాత్రమే రాయండి. గుణుపురం_కుర్రాడు పెట్టిన బొమ్మ తీసేశాం.

(ఐదు రోజుల తర్వాత)

బరంపురం_మేనమామ:
చాలామంది లోపల మెసేజ్‌లు పెట్టారు, కొన్ని తిట్లు కూడా. సిస్టర్‌గారు చెప్పినట్టు వచ్చే టికెట్ గురించి మెయిల్ పెట్టాం. క్లబ్బు వాళ్ళు ఒప్పుకుని కొత్త కాగితం పంపారు. వైద్యం ఖర్చు కూడా రాశారు. ఏజెంటు లైసెన్సు నంబరు ఇచ్చాడు, పీఈటీ మాస్టారు ఫిఫా జాబితాలో చూసి సరిపోయిందన్నారు. ఫోన్ చేసి మాట్లాడాం. మొదటి రెండు నిమిషాలు ఇద్దరం ఏమీ మాట్లాడలేదు. ఉద్యోగానికి చేరే గడువు పొడిగించమని అర్జీ పెట్టాం, జవాబు రాలేదు. ఇంటిపేరు పాత_బస్టాండుగారు భయపడినట్టే తిరగబడి ఉంది.

మావాడే దాన్ని బండి మీద పాస్‌పోర్టు పనికి తీసుకెళ్ళాడు. వెళ్ళేముందు "ఇన్నేళ్ళలో నన్నెవరడిగారు నాన్నా" అన్నాడు. అంతకంటే రాయను, మోడరేటర్‌గారు ఊరుకోరు. అక్క మాట్లాడుతోంది, మా ఆవిడ మాట్లాడటం లేదు.

ఒకటి తెలియాలి. అక్కడ శీతాకాలం వానలకి నేల మెత్తగా ఉంటుందట, బూట్ల అడుగున ఉండే స్టడ్లు వేరేవి కావాలంటోంది. బూట్లు ఇక్కడే కొనివ్వాలా, అక్కడ కొనుక్కోమనాలా?

రాయగడ_400మీ:
అక్కడే కొనుక్కోమనండి. మన దగ్గర ఎక్కువ దొరికేవి గట్టినేలకి పనికొచ్చేవి. మెత్తనేలలో జారితే మోకాలు తిరుగుతుంది, నా మాట నమ్మండి. డబ్బు చేతికివ్వండి. పాత జత మాత్రం పారేయొద్దు, తీసుకెళ్ళమనండి. కొత్త బూట్లు మొదటి రెండు వారాలు కరుస్తాయి.

గుణుపురం_కుర్రాడు:
ఇంతకీ మీ మేనకోడలు డిఫెన్సివ్ మిడ్‌ఫీల్డరా, అటాకింగా?

బరంపురం_మేనమామ:
తెలీదు. అడిగి చెప్తాను.