పెళ్లి పనులు ఈవెంట్ వాళ్లకు అప్పగిస్తే మనసు కుదుటపడుతుందా?

విజయవాడ పటమట నుంచి ఒక తండ్రి:

మా పెద్దమ్మాయి పెళ్లి 2024 నవంబరులో, కార్తీక మాసంలో చేశాము. ఆ ఏడాది మే, జూన్ నెలల్లో మూఢం వల్ల ముహూర్తాలు లేకపోవడంతో పెళ్లిళ్లన్నీ శ్రావణం మీదా, కార్తీకం మీదా వచ్చి పడ్డాయి. మండపం, వంటమేస్త్రి, సన్నాయి మేళం, ఫొటోగ్రాఫరు అందరికీ ఒకే తేదీన కావలసివచ్చింది. ఆ భయంతోనే అన్నీ కలిపి ఒక ఈవెంట్ సంస్థకు అప్పగించాము. పని తగ్గిన మాట నిజమే గానీ, ఆందోళన మాత్రం తగ్గలేదు. వన్‌టౌన్ వస్త్రలత బట్టల మార్కెట్లో మనమే బేరమాడి తెచ్చుకున్న చీరలు ఏ బీరువాలో ఉన్నాయో మనకు తెలుస్తుంది. పని మరొకరి చేతిలో ఉంటే గంటకొకసారి ఫోను చేసి అడగవలసి వస్తుంది. పెళ్లికి ముందు రోజు రాత్రి తలంబ్రాల మాట ఎత్తితే, అవి ఒప్పందంలో లేవని సంస్థవారు చెప్పారు. మావాళ్లేమో వాటిని సంస్థవారే చూసుకుంటారని అనుకున్నారు. పదకొండు గంటలకు మా ఆవిడ, మా చెల్లెలు నేల మీద దుప్పటి పరిచి, బియ్యానికి నెయ్యీ పసుపూ పట్టిస్తూ నవ్వుకున్నారు. నెల రోజులుగా కనిపించని నెమ్మది ఆ అరగంటలో మా ఇంట్లో కనిపించింది. అందుకే ఇంటివాళ్లు పంచుకుని చేసుకోవడమే మేలని నా అభిప్రాయం. మిగతావారు ఏమంటారో తెలుసుకోవాలని ఉంది.

గుంటూరు బ్రాడీపేట నుంచి ఒక తల్లి:

అన్నగారూ, మీతో నేను ఏకీభవించలేను. రాత్రి పదకొండింటికి నేల మీద కూర్చున్నది మీరు కాదు, వదినగారు, మీ చెల్లెలు. ఇంటివాళ్లు పంచుకోవడమంటే మన ఇళ్లలో చాలావరకు ఆడవాళ్లు పంచుకోవడమే. మా పెద్దమ్మాయి పెళ్లి వైశాఖంలో, గుంటూరు ఎండల్లో, అన్నీ మేమే చేసుకున్నాము. మాంగల్యధారణ వేళకు నేను విడిదిలో ఉన్నాను. మగపెళ్లివారి పెద్దావిడకు కాఫీ అందలేదని కబురు వస్తే సర్దిచెప్పడానికి వెళ్లాను. నా బిడ్డ మెడలో తాళి పడటం నేను వీడియోలోనే చూశాను, ఆ బాధ ఇప్పటికీ తీరలేదు. రెండో అమ్మాయికి వంట, అలంకరణ, విడిది మూడూ బయటివాళ్లకు ఇచ్చి, ఆ వేళకు అక్షింతలు పట్టుకుని పక్కనే నిలబడగలిగాను.

తలంబ్రాలు మరిచిపోవడానికి కారణం అప్పగించడం కాదు. ఒప్పందం రాసుకునేటప్పుడు పురోహితుడు ఇచ్చిన చిట్టా పక్కన లేకపోవడం. మేము ఆ చిట్టాలో కొబ్బరిబోండాం నుంచి అడ్డుతెర వరకు ప్రతి వస్తువుకు ఎదురుగా తెచ్చేవారి పేరు ఒకటే రాశాము. రెండు పేర్లు రాస్తే ఎవరూ తేరు. భోజనాలు ప్లేటు లెక్కన మాట్లాడుకున్నప్పుడు, లెక్క దగ్గర మన మనిషి ఒకరు నిలబడతారని ముందే చెప్పి, చివరి వాయిదా డబ్బు ఆ లెక్క కుదిరాకే ఇచ్చాము.

కానూరు నుంచి, ఈ కార్తీకంలో పెళ్లికూతురు కాబోతున్న అమ్మాయి:

బాబాయిగారూ, పిన్నిగారూ, పని ఎవరు చేస్తున్నారన్నదాని కన్నా, ఎంతమంది నిర్ణయిస్తున్నారన్నదే నన్ను ఎక్కువ కలవరపెడుతోంది. గౌరీపూజకు నిజాం అంచు మంగళగిరి చీర ఎంచుకుని, ఫొటోను రెండు కుటుంబాల వాట్సాప్ గ్రూపులో పెట్టాను. కుంకుమ రంగా, ఆకుపచ్చా అన్న చర్చ మూడు రోజులు నడిచి, చివరికి మా అత్త ఒకరు మాట్లాడటం మానేశారు. అప్పటి నుంచి మా అమ్మ, పెళ్లికొడుకు వాళ్ల అమ్మగారు ఆదివారం పొద్దున ఒక్కసారి ఫోనులో మాట్లాడుకుంటారు, అక్కడ తేలిందే మాట. రాత్రి తొమ్మిది దాటాక ఇంట్లో పెళ్లి మాట ఎత్తకూడదని మా అమ్మమ్మ కట్టడి చేసింది. అప్పటి నుంచే నాకు నిద్ర పడుతోంది.

సింగ్‌నగర్ నుంచి ఒక అన్న:

2024 సెప్టెంబరు 1న బుడమేరు నీళ్లు మా ఇంట్లోకి వచ్చినప్పుడు, మా తమ్ముడి పెళ్లికి తెచ్చిన చీరలు బీరువా కింది అరలో ఉన్నాయి, శుభలేఖలు మంచం కింద ఉన్నాయి. చీరల మడతల్లోంచి బురద రాలుతుంటే, మా అమ్మ వాటిని డాబా మీద ఒక్కొక్కటిగా ఆరవేసింది. పెళ్లి అదే కార్తీకంలో, అనుకున్న రోజునే చేశాము. పిలుపులు సగానికి తగ్గించి, ఫోనులోనే పిలిచాము. మర్యాదలు తగ్గాయని ఒక్కరు కూడా నొచ్చుకోలేదు. అంతకుముందు ఆ జాబితాలో ఒక్క పేరు తీసేయడానికి మా ఇంట్లో ఎన్ని గొడవలు జరిగాయో చెప్పలేను.

పటమట తండ్రి మళ్లీ:

బ్రాడీపేట చెల్లెమ్మగారి మాట చదివి, ఆ రాత్రి ఎందుకు నవ్వావని ఈ ఉదయం మా ఆవిడను అడిగాను. ఆ అరగంట ఎవరూ ఫోను చేయలేదని, అందుకే నవ్వు వచ్చిందని చెప్పింది. మర్నాడు పీటల మీద కూర్చున్నంతసేపు నడుము నొప్పితో అల్లాడిందని కూడా చెప్పింది. ఏడాది దాటినా ఈ సంగతి నాకు తెలియలేదు. చీరల కొనుగోలు మాత్రం ఇంటివాళ్లే చేయాలన్న మాట మీద ఇప్పటికీ ఉన్నాను. చిన్నమ్మాయి పెళ్లికి వంట, విడిది బయటివాళ్లకు ఇస్తాము. చిట్టాలో తలంబ్రాల ఎదురుగా నా పేరు రాసుకున్నాను, ముందు రోజు మధ్యాహ్నానికే కలిపి పెడతాను.