అప్‌డేట్: మా పాపకు లోపాముద్ర పేరే పెట్టాం

‘లోపం’ అని వినిపించే పేరు ఆడపిల్లకు పెట్టవచ్చా అని అడిగాను కదా, అత్తయ్యగారి అభ్యంతరం అదే. ఆదివారం బెంగళూరులో మా ఇంట్లోనే నామకరణం జరిగింది. బియ్యంలో ఆ పేరే రాశాం.

ఆవిడను ఒప్పించింది లలితా సహస్రనామం. ఆవిడ రోజూ చదివే ఆ స్తోత్రంలోనే ‘లోపాముద్రార్చితా’ అనే నామం ఉందని మావారు గుర్తుచేశారు. అమ్మవారిని అర్చించిన ఇల్లాలి పేరుకు దోషమేమిటని ఆవిడే అన్నారు!

లోపాముద్ర అగస్త్య మహర్షి భార్య. ఆయనే ప్రాణులన్నిటిలోని అందమైన అంగాలను ఏరి ఆమెను సృష్టించాడనీ, విదర్భ రాజు ఇంట పెరిగిందనీ మహాభారతం అరణ్యపర్వం చెబుతుంది. ఆమె ముందు వాటి అందాలు లోపించాయి కనుక ఆ పేరని పెద్దల వివరణ. నాకు మాత్రం ఋగ్వేదం మొదటి మండలం 179వ సూక్తంలోని లోపాముద్రే ప్రాణం. ఏళ్ల తరబడి శ్రమించి అలసిపోయాను, ముసలితనం దేహకాంతిని హరిస్తోంది, భర్త భార్యను చేరవద్దా అని అగస్త్యుడి ఎదుటే అంటుంది. అంత నిస్సంకోచంగా మాట్లాడిన స్త్రీ పేరు మా అమ్మాయికి ఉండటం నాకు గర్వం.

కర్ణాటకలోని కొడగు (కూర్గ్) ఐతిహ్యంలో కావేరిగా ప్రవహించిందీ ఈమే. ఈ ఊరికి తాగునీరు ఇచ్చేదీ ఆ నదే. అందుకే పక్కింటి కన్నడ అవ్వగారు పాపను అప్పుడే ‘కావేరి’ అంటున్నారు. ఇంట్లో అందరికీ ‘ముద్ర’.