నా బట్టతల మీద అందరూ నవ్వొచ్చు, నేనొక్క మాటంటే తప్పా?

గోదావరి బావ:
మొన్న సంక్రాంతికి అత్తారింటికి వెళ్ళాం. భోజనాల దగ్గర మా మరదలు "బావగారూ, మీకు దువ్వెనెందుకు, తువ్వాలు చాలుగా" అంది. అందరితోపాటు నేనూ నవ్వాను. తర్వాత నేను "నువ్వెక్కితే షేర్ ఆటో కాస్తా సొంత ఆటో అయిపోతుంది" అన్నాను. కంచం తీసుకుని లేచి వెళ్ళిపోయింది. కాన్పయి ఐదు నెలలు. మా ఆవిడ ఆ రాత్రి మాట్లాడలేదు.

తమాషా ఏంటంటే, మర్నాడు కాఫీ కోసం వంటింటి వైపు వెళ్తే ఆ మరదలే అంటోంది: "ఇప్పుడు నన్ను కాదనకుండా లోపలికి రానిచ్చేది ఈ నైటీ ఒక్కటే!" అత్తగారు కళ్ళు తుడుచుకుంటూ నవ్వుతున్నారు. నేను గుమ్మంలోకి రాగానే అందరూ గప్‌చుప్. "మీరు పదండి, కాఫీ పంపిస్తా" అన్నారు. నా జోకుకీ ఆ జోకుకీ తేడా ఏంటి?

ఇద్దరు పిల్లల తల్లి:
నైటీ జోకు ఆవిడ ఒళ్ళు, ఆవిడ నోరు. మీ బట్టతలకి దారినపోయేవాళ్ళు మందు చెబుతారా? నా కాన్పయ్యాక పాలబ్బాయి కూడా వాము నీళ్ళు తాగమన్నాడండీ. మీకది ఒక్క మాటే. ఆవిడకి ఆ రోజు ఎన్నోదో!

ఇంకా పెళ్ళికాని ప్రసాదు:
బట్టతల జోకు తేలికేం కాదు మేడమ్. ఫొటో చూసి మూడు సంబంధాలు తప్పిపోయాయి. ఆఫీసులో అంటే నవ్వుతాను. నవ్వకపోతే "ఫీలయ్యాడు" అని ఇంకో నెల ఆడుకుంటారు.

ధర్మవరం నుంచి:
మా దగ్గర నిమ్మలకుంట తోలుబొమ్మలాట చూశారా? రామాయణం మధ్యలో కేతిగాడు, జుట్టుపోలిగాడు, బంగారక్క దిగుతారు. ఇక ఒళ్ళు మీద ఎన్ని మాటలో, సగం ఇక్కడ రాయలేను. బంగారక్కకి గొంతిచ్చేది తెర వెనకున్న ఆడమనిషే, మగబొమ్మకి రెండింతలు తిరిగి వడ్డిస్తుంది. మా అవ్వ ముందు వరసలో కూర్చుని పొట్ట పట్టుకుని నవ్వేది. అందులో పావువంతు మా తాత ఇంట్లో అంటే ఆ పూట ఆయనకు సంగటి లేదు.

గోదావరి బావ:
నిన్న మరదలు తనే ఫోన్ చేసింది. "పుట్టినరోజుకి దువ్వెన పంపనా బావగారూ?" అంది. కాన్పయ్యాక ఆడవాళ్ళకీ జుట్టు రాలుతుంది కదా, "నీకే పనికొస్తుంది, ఉంచుకో" అని నోటిదాకా వచ్చింది. మింగేశాను.