పలుగు కడిగి పెట్టినోడికి మతి ఉన్నట్టా, లేనట్టా?

పెన్నాగట్టు:
మాది కోవూరు పక్కన ఒక పల్లె. మనుషుల పేర్లు చెప్పను, కొన్ని వివరాలు మార్చాను కూడా. మా పెద్దమ్మ కొడుకు ఒకడు, ముప్పై రెండేళ్లు, రైసు మిల్లులో లెక్కలు రాసేవాడు. నిరుడు సంక్రాంతి నుంచి వాడి వాలకం మారిపోయింది. అమ్మ గంజి పోస్తే అందులో ఏదో పొడి కలిపిందని గిన్నె తీసి గోడకేసి కొట్టేవాడు. ఫ్యాన్ రెక్కల్లోంచి ఎవరో తనని పిలుస్తున్నారని మెయిన్ ఆపేసి ఇంటిల్లిపాదినీ చీకట్లో కూర్చోబెట్టేవాడు. ఆఖరికి ఒక తెల్లవారుజామున, వాణ్ని కనిపెట్టుకుని ఉండటానికి వచ్చి వరండాలో పడుకున్న సొంత బావని పలుగుతో కొట్టాడు. బావ అక్కడికక్కడే పోయాడు. వీడు ఆ పలుగుని బోరింగు కింద కడిగి, కొట్టంలో ఎప్పుడూ పెట్టే మూలనే పెట్టి, వచ్చి అరుగు మీద కూర్చుని మా అక్కని కాఫీ పెట్టమని అడిగాడు. అక్కంటే ఆ బావ భార్యే.

ఇప్పుడు జైల్లో ఉన్నాడు, కేసు ఇంకా విచారణకి రాలేదు. మతిస్థిమితం లేదని వాదిద్దాం, ఇంట్లో వాళ్లే సాక్ష్యం చెప్పాలి అంటున్నాడు లాయరు. మా పెద్దమ్మ మంచం పట్టింది కాబట్టి ఇంట్లో వాళ్లంటే ఇక అక్కే. మొగుణ్ణి పోగొట్టుకున్న మనిషి బోనెక్కి, చంపినోడి తరఫున చెప్పాలంట. బావ వాళ్ల అన్నదమ్ములేమో పిచ్చీ లేదు గిచ్చీ లేదు, పలుగు కడిగాడు కదా అంటున్నారు. అసలు ఇట్టాంటి చట్టం ఉండాలా, వద్దా? మీరేమంటారు?

ఒంగోలుగిత్త:
వద్దు. మీ ఇంట్లో జరిగినదానికి బాధగానే ఉంది గానీ, అడిగారు కాబట్టి చెప్తున్నా. పోయినాయన పిల్లలకి మేనమామకి మతి ఉంటే ఏంది, లేకపోతే ఏంది, నాన్న అయితే తిరిగి రాడు కదా. ఈ సందు ఒకటి తెరిచి పెడితే రేపు ప్రతివాడూ పూనకం వచ్చింది, ఏం చేశానో గుర్తు లేదు అంటాడు. మా పక్క వీధిలో ఒకాయన తాగొచ్చి తమ్ముడి తల పగలగొట్టి తెల్లారి ఇదే మాట అన్నాడు. డబ్బున్నోడు డాక్టరు కాగితం తెచ్చుకుంటాడు, లేనోడు జైలుకి పోతాడు. పైగా కడిగాడు అంటున్నారు. రక్తం కనపడకూడదని తెలిసినోడికి తప్పని తెలియదా?

గుమాస్తా_నెల్లూరు:
ఇరవై ఏళ్లుగా క్రిమినల్ వైపు గుమాస్తాగా చేస్తున్నా, లాయర్ని కాదు, అది గుర్తుపెట్టుకుని చదవండి.

గిత్తన్నా, ముందు తాగుడు సంగతి. దాన్ని దీంతో కలపొద్దు. తాగినోడికి వేరే సెక్షన్లున్నాయి. తనకి తెలియకుండానో, తన ఇష్టం లేకుండానో ఎవరన్నా తాగించి ఉంటేనే ఆ మినహాయింపు. సొంతంగా బాటిల్ ఎత్తినోడికి అది వర్తించదు. మీ పక్క వీధి ఆయన దీని కిందకి రాడు.

ఇక మతిస్థిమితం. పాత ఐపీసీలో 84వ సెక్షన్, 2024 జులై 1 నుంచి దాని బదులు వచ్చిన భారతీయ న్యాయ సంహిత, అంటే బీఎన్ఎస్‌లో 22. మాట దాదాపు అదే, 1860 నాటిది. ఆ పని చేస్తున్న సమయంలో, మతిస్థిమితం లేనందువల్ల, తాను చేస్తున్నది ఏమిటో తెలుసుకోలేని స్థితిలో గానీ, అది తప్పనో చట్టవిరుద్ధమనో తెలుసుకోలేని స్థితిలో గానీ ఉంటే నేరం కాదు. దీనికి మూలం ఇంగ్లండులో 1843 నాటి మెక్‌నాటన్ కేసు. ప్రధాని రాబర్ట్ పీల్ కార్యదర్శిని కాల్చి చంపినవాడిని మతి లేదని వదిలేస్తే దేశమంతా గోల చేసింది. అప్పుడు జడ్జీలు కూర్చుని గీసిన గీత ఇది.

ఆ గీత ఎంత సన్నమో చూడండి. "ఆ పని చేస్తున్న సమయంలో" అంటుంది. ముందూ వెనకా జబ్బు ఉంటే చాలదు. డాక్టరు జబ్బు అన్నా కోర్టు దాన్ని చట్టం చెప్పే మతిస్థిమితం కింద ఒప్పుకోవాలని లేదు, ఆ రెండూ వేరు అని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. నిరూపించుకోవాల్సిన బరువు కూడా ముద్దాయి మీదే. కాగితం కొనుక్కొచ్చి బయటపడటం మీరనుకున్నంత తేలిక కాదు. నా ఇరవై ఏళ్లలో ఈ వాదన ఎత్తినవి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు, గెలిచింది ఒక్కటే.

పొదిలి_పిల్లోడు:
లా మూడో సంవత్సరం. గుమాస్తా గారు చెప్పినదానికి ఒక చిన్న ముక్క కలుపుతా. 2023 ఆగస్టులో పెట్టిన మొదటి బీఎన్ఎస్ బిల్లులో "మతిస్థిమితం లేకపోవడం" అనే పాత మాట తీసేసి "మానసిక అనారోగ్యం" అని రాశారు, డిసెంబరులో వచ్చినదాంట్లో మళ్లీ పాత మాటే పెట్టారు. ఎందుకంటే 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం లెక్కన మానసిక అనారోగ్యంలోకి మద్యం, మత్తుమందుల వల్ల వచ్చే ఇబ్బందులు కూడా వస్తాయి. ఆ మాటే ఉంచి ఉంటే గిత్తన్న భయం నిజమయ్యేది. మా క్లాసులో ఈ ఒక్క మాట మీద గంటన్నర కొట్టుకున్నాం, క్యాంటీన్ మూసేశారు.

ఒంగోలుగిత్త:
సరే, తాగుడు తీసేశా. పలుగు కడగడం సంగతి ఎవరూ మాట్లాడరేంది?

సిస్టరమ్మ_కందుకూరు:
నేను మాట్లాడతా. పదకొండేళ్లు మానసిక వార్డులో నర్సుగా చేశాను. (కందుకూరు అంటే ప్రకాశమా నెల్లూరా అని మళ్లీ మొదలుపెట్టకండి, 2022లో నెల్లూరులో కలిపినప్పుడే చాలా కొట్టుకున్నారు.)

జబ్బు వస్తే మనిషి మొత్తం తుడిచిపెట్టుకుపోతాడని బయటివాళ్లు అనుకుంటారు. పోడు. మా వార్డులో ఒకాయన, తన కడుపులో రేడియో పెట్టారని రోజంతా పొట్ట గోక్కునేవాడు. ఆయనే పొద్దున ఆరింటికి లేచి మంచం దుప్పటి నాలుగు మూలలూ లాగి, మడత నలగకుండా పెట్టి, పళ్లు తోముకుని, కాఫీలో చక్కెర తక్కువైందని నాతో పోట్లాడేవాడు. అలవాటు పడిన పనులు చేతులు చేసుకుపోతుంటాయి. అందుకే పెన్నాగట్టు గారిని ఒకటి అడుగుతా. ఆ పలుగు వాడేది ఎవరు? రోజూ ఎవరు కడుగుతారు?

పెన్నాగట్టు:
వాడే అమ్మా. మిల్లు నుంచి వచ్చాక పొలంలో గట్టు పని చేసేవాడు. మట్టి పట్టిన పనిముట్టు లోపల పెడితే మా పెదనాన్న తిట్టేవాడు, అందుకని చిన్నప్పటి నుంచీ పారైనా పలుగైనా బోరింగు కింద కడిగే లోపల పెట్టేవాడు. ఇప్పటిదాకా నాకు ఇది తట్టనే లేదు. బావ వాళ్ల అన్నదమ్ములు సాక్ష్యం మాయం చేశాడు అంటుంటే నేనూ తల ఊపాను.

ఒంగోలుగిత్త:
ఆగండి. ఇది రెండు వైపులా తిరుగుతుంది. అలవాటుగా కడిగాడు అని మీరంటారు, అవతలి లాయరు దాచడానికి కడిగాడు అంటాడు. జడ్జి వాడి బుర్రలోకి దూరి చూడలేడు కదా.

గుమాస్తా_నెల్లూరు:
చూడలేడు. అందుకే ముందు ఎట్టా ఉన్నాడు, ఆ క్షణంలో ఎట్టా ఉన్నాడు, తర్వాత ఎట్టా ఉన్నాడు అని మూడూ చూస్తారు. దాచిపెట్టాలనుకున్నోడు కడిగిన పలుగుని బావిలో పారేస్తాడు గానీ అదే మూల పెట్టి, కాఫీ అడిగి, పోలీసులొచ్చేదాకా అరుగు మీదే కూర్చోడు అని వాదించొచ్చు. మహారాష్ట్రలో ఒక కానిస్టేబుల్ భార్యని రుబ్బురాయితో కొట్టి చంపాడు. పారిపోలేదు, దాచలేదు. తండ్రికీ ఆ జబ్బు ఉండేది, ఇతనికి ముందు నుంచీ చికిత్స జరిగిన కాగితాలున్నాయి. 2002లో సుప్రీంకోర్టు నిర్దోషి అంది. గమనించండి, కాగితాలున్నాయి.

రెండోది 1964 నాటిది, గుజరాత్ కేసు. తీర్పు రాసింది మన రాజమండ్రి కోకా సుబ్బారావు గారు. సందేహానికి తావు లేకుండా నేరం రుజువు చేయాల్సింది ఎప్పుడూ ప్రాసిక్యూషనే, ముద్దాయి మాత్రం మతి లేకపోయి ఉండే అవకాశమే ఎక్కువ అనిపించేంత చూపిస్తే చాలు, అదీ చూపించలేకపోయినా ఉన్న సాక్ష్యం వల్ల అతని ఉద్దేశం మీదే సందేహం వస్తే వదలాల్సిందే అని అందులో చెప్పారు. ముద్దాయికి అంతకంటే మేలైన మాట లేదు. కానీ ఆ ముద్దాయికి మాత్రం శిక్ష ఖాయం చేశారు. ఎందుకంటే అక్కడ చనిపోయినామె పుట్టింటి వాళ్లే కోర్టుకొచ్చి అల్లుడికి మతి లేదు అన్నారు, పోలీసులకి మొదట ఇచ్చిన వాంగ్మూలంలో మాత్రం ఆ మాట లేదు. అప్పుడు చెప్పనిది ఇప్పుడు చెబితే నమ్మలేదు.

ఇందుకే అడుగుతున్నా. మీ అక్క పోలీసులకి ఏం చెప్పింది?

పెన్నాగట్టు:
"ఏ గొడవా లేదు, నిద్రలో ఉన్న మనిషిని కొట్టాడు" అని చెప్పింది. అంతే రాసుకున్నారు. ఎనిమిది నెలల సంగతి ఆ పూట ఎవరికి గుర్తొస్తుందండీ, శవం ఇంకా వరండాలోనే ఉంది.

సిస్టరమ్మ_కందుకూరు:
ఆ ఎనిమిది నెలల్లో ఏ డాక్టరుకీ చూపించలేదా?

పెన్నాగట్టు:
చిన్నక్కకి సంబంధం చూస్తున్నారు. ఇంట్లో పిచ్చోడున్నాడని తెలిస్తే చెడిపోతుందని మా పెద్దమ్మ పట్టుబట్టింది. ఏ.ఎస్.పేట దర్గాకి తీసుకెళ్లి నిద్ర చేయించారు, తాయెత్తు కట్టించారు. వాటికి చీటీలుండవు కదా.

సిస్టరమ్మ_కందుకూరు:
ఇదే నాకు కడుపు మండేది. నేను దర్గాని అనడం లేదు, నమ్మకం వాళ్లిష్టం, కానీ దాంతో పాటు ఒక్కసారి జిల్లా ఆసుపత్రి ఓపీలో నిలబడితే ఏం పోయేది. 14416కి ఫోను చేసినా తెలుగులోనే మాట్లాడతారు, టెలీ మానస్ అని, పైసా ఖర్చు లేదు. పెళ్లి చెడుతుందని దాచినవాళ్లు, మనిషి చచ్చాక అదే జబ్బుని కోర్టులో నిరూపించాలని తిరుగుతున్నారు. సారీ, మీ ఇంటి బాధలో ఉండి చదివేవారికి ఇది కటువుగా ఉంటుంది, అయినా తీసేయను.

ఒంగోలుగిత్త:
నేను ఒక మెట్టు దిగుతున్నా. వాడికి జబ్బు ఉందనే ఒప్పుకుంటా. కోర్టు వదిలేసింది అనుకోండి. ఆ తర్వాత? వాడు మళ్లీ అదే అరుగు మీదకొచ్చి కూర్చుంటాడా? చట్టాన్ని సమర్థించేవాళ్లు ఎవరూ దీనికి సూటిగా చెప్పరు.

గుమాస్తా_నెల్లూరు:
మంచి ప్రశ్న. నిర్దోషి అన్నా నేరుగా ఇంటికి పంపరు. ఆ పని ఇతనే చేశాడు అని తీర్పులో రాసి మరీ, భద్రమైన చోట ఉంచమని ఆదేశిస్తారు. లేదంటే చుట్టాలో స్నేహితులో పూచీ ఇచ్చి, చూసుకుంటాం, ఎవరికీ హాని జరగనివ్వం అంటే వాళ్లకి అప్పగిస్తారు. కేసు నడిపే పద్ధతి చెప్పే చట్టం బీఎన్ఎస్ఎస్‌లో 374వ సెక్షన్ చూడండి. గిత్తన్నా, మీరు శిక్ష అంటే పన్నెండేళ్లో పద్నాలుగేళ్లో అనుకుంటున్నారు. అస్సాంలో 1951లో పట్టుకెళ్లిన ఒకాయన్ని మతి లేదని ఆసుపత్రిలో పెట్టి, విచారణే లేకుండా 2005లో వదిలారు. 54 ఏళ్లు. పూచీ ఇచ్చేవాడు లేకపోతే లోపల మర్చిపోతారు.

ఇంకోటి, ఇప్పుడు వాడు విచారణ తట్టుకునే స్థితిలో ఉన్నాడా అనేది, ఆ రోజు మతి ఉందా అనేది వేర్వేరు ప్రశ్నలు. మొదటిది ఇప్పుడే అడగొచ్చు. డాక్టరు పరీక్షకి పంపమని కోర్టులో అర్జీ పెట్టించండి. పంపేది విశాఖ చినవాల్తేరులోని ప్రభుత్వ మానసిక ఆసుపత్రికైతే, నెల్లూరు నుంచి ఆరొందల కిలోమీటర్ల పైమాటే, ఎస్కార్టు పోలీసులు దొరికితేనే ప్రయాణం. ఎంత త్వరగా మొదలుపెడితే అంత మంచిది.

ఒంగోలుగిత్త:
పూచీ ఇవ్వాల్సిన చుట్టాలెవరు మరి? మళ్లీ ఆ అక్కే కదా! మొగుడి దినాలు పెట్టిన చేత్తోనే తమ్ముడికి పూచీ కాగితం మీద సంతకం పెట్టాలా? ఇది న్యాయమని మీకెవరికన్నా అనిపిస్తే చెప్పండి. చట్టం వద్దన్న మాట వెనక్కి తీసుకుంటా, కానీ ఈ భాగం మాత్రం సిగ్గుచేటు. జిల్లాకొకటి కాపలా ఉన్న ఆసుపత్రి కట్టకుండా, చచ్చినోడి ఇంటి మీదకి తోయడమేంది?

పొదిలి_పిల్లోడు:
దీనికి నా దగ్గర సెక్షన్ లేదన్నా.

పెన్నాగట్టు:
రెండు రోజులు రాలేదు, క్షమించండి. ఇవన్నీ అక్కకి చదివి వినిపించాను. పలుగు సంగతి విన్నప్పుడు లేచి లోపలికి వెళ్లిపోయింది. నిన్న పొద్దున తనే పిలిచి బావ బండి తాళం చేతిలో పెట్టి, సీటు కింద చూడు అంది. ఒక ప్లాస్టిక్ కవరు, అందులో చెన్నైలో ఒక పెద్ద ఆసుపత్రి చీటీ, సగం వాడిన మాత్రల అట్ట. వాడి పేరు, వయసు, తేదీ ఉన్నాయి. చావుకి పంతొమ్మిది రోజుల ముందు, పెద్దమ్మకి తెలియకుండా, పొద్దున రైలుకి బావే తీసుకెళ్లి చూపించుకొచ్చాడంట. అక్కకి తెలుసు. సంబంధం కుదిరాక అందరికీ చెబుదాంలే అనుకున్నారంట ఇద్దరూ. లాయరుకి ఇస్తావా అక్కా అంటే ఏమీ అనలేదు. చీటీ తీసుకుని బీరువాలో బావ చొక్కాల కింద పెట్టింది.

గుమాస్తా_నెల్లూరు:
ఇవ్వడం ఇవ్వకపోవడం ఆమె ఇష్టం, తొందర పెట్టొద్దు. కానీ ముందు దానికి రెండు జిరాక్సులు తీయించండి, ఫోనులో ఫొటో కూడా తీసి పెట్టండి. బిల్లు మెషీన్ కాగితం లాంటిదైతే ఆరు నెలల్లో అక్షరాలు చెరిగిపోతాయి. మాత్రల అట్ట పారేయకండి.

సిస్టరమ్మ_కందుకూరు:
అట్టలో ఎన్ని మాత్రలు మిగిలాయో లెక్కపెట్టారా?

పెన్నాగట్టు:
పదింట్లో నాలుగు వాడారు.