నాన్న పోయాక అమ్మ బెంగళూరుకు వెళ్లాలా, కర్నూలులోనే ఉండాలా?

ఆదోని ఆడబిడ్డ:
నాన్న పోయినప్పటి నుంచి అమ్మ కర్నూలు ఇంట్లో ఒక్కతే ఉంటోంది. అన్న బెంగళూరుకు రమ్మంటాడు, తను కదలనంటుంది. ఒంటరితనంతో కుంగిపోతుందేమోనని నాకు టెన్షన్‌. మీరైతే ఏం చేస్తారు?

అనంతపురం తమ్ముడు:
తీసుకెళ్లండి అక్కా. అర్ధరాత్రి గుండెనొప్పి వస్తే పక్కనెవరున్నారు? ఉద్యోగాల కోసం మన పిల్లలంతా బెంగళూరు, హైదరాబాద్‌ చేరారు. వీధిలో మిగిలింది పెద్దవాళ్లే.

కర్నూలు సి.క్యాంపు వాసి:
తమ్ముడూ, రాత్రి భయం నిజమే. కానీ తోడంటే ఇంట్లో ఇంకో మనిషి ఉండటమొక్కటే కాదు. అన్నా వదినా పొద్దున లాగిన్‌ అయితే చీకటి పడేదాకా తలెత్తరు. పిల్లలకు స్కూలు, ట్యూషన్‌. తలుపు వేసుకున్న ఫ్లాట్‌లో ఆమెకు పగలంతా టీవీనే. అదే ఇక్కడ రైతుబజారుకు రెండు రోజులు రాకపోతే, ఆకుకూరలమ్మే ఆమె "ఒంట్లో బాగలేదా అమ్మా" అని అడుగుతుంది. ఆ పలకరింపు ఏళ్లతరబడి కూడబెట్టుకున్నది. ఈ వయసులో కొత్త ఊళ్లో మళ్లీ మొదటి నుంచి కూడబెట్టుకోమనడం అన్యాయం.

2009 అక్టోబరు వరద గుర్తుందా? తుంగభద్ర, హంద్రీ నీళ్లు ఇళ్లలోకి వచ్చినప్పుడు ఎంతోమంది ప్రాణాలు దక్కించుకున్నది పక్కింటి మిద్దెల మీదే. ఇరుగుపొరుగుతో మాటలుంటేనే అలాంటప్పుడు ఎవరి తలుపు తట్టాలో తెలిసేది.

ఇంకో సంగతి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025లో ఇచ్చిన నివేదిక ప్రకారం ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారు. ఆ బాధ పెద్దవాళ్లకే కాదు, కుర్రవాళ్లలోనూ చాలా ఎక్కువని అందులో ఉంది. అక్కా, అమ్మను రమ్మనడంలో మీ అన్న ఒంటరితనం కూడా ఉందేమో, ఒకసారి అడగండి. నెలకోసారి ఆయన్నే రమ్మనండి. రాత్రి బస్సెక్కితే తెల్లారేసరికి ఇక్కడుంటారు. ఇంటి తాళంచెవి ఒకటి పక్కింట్లో ఇచ్చిపెట్టండి, రాత్రి భయం కొంత తగ్గుతుంది.

అనంతపురం తమ్ముడు:
తాళంచెవి సరే అన్నా, ఆ పక్కింట్లో ఉన్నదీ పెద్దవాళ్లే అయితే? మా వీధిలో అదే పరిస్థితి. పడిపోయిన మనిషిని లేపే ఓపిక ఎవరికుంది?

కడప నుంచి:
బెంగళూరు వెళ్లి హాయిగా ఉన్నవాళ్లూ ఉన్నారు. అపార్ట్‌మెంట్‌లో నలుగురు తెలుగువాళ్లుంటే సాయంత్రాలు గడిచిపోతాయి. ఒక్క నెల ఉండి చూడమనండి, నిర్ణయం అమ్మకే వదిలేయండి. అప్పటిదాకా కర్నూలు ఇల్లు మాత్రం అద్దెకివ్వొద్దు అక్కా, అమ్మొద్దు.