తెలుపు, నలుపు ఫ్రేములు తప్ప ఏమీ లేని సినిమా సైన్సా, కాదా?

అమలాపురం కుర్రాడు:
ఆదివారం రాత్రి రాజమండ్రిలో ఫ్రెండ్ వాళ్ల మేడ మీద గోడకి ప్రొజెక్టర్ వేసి టోనీ కాన్రాడ్ 1966 సినిమా ‘ది ఫ్లికర్’ చూశాం. 30 నిమిషాలు. బొమ్మంటూ ఏదీ ఉండదు, తెల్ల ఫ్రేము, నల్ల ఫ్రేము టకటకా మారుతుంటాయి, అంతే. అయినా కాసేపటికి నాకు గోడ మీద పసుపు, ఊదా రంగులు సుడి తిరుగుతూ కనిపించాయి. ఇది చూపు మీద చేసిన సైన్స్ ప్రయోగమే అని నా వాదన.

పాలకొల్లు మాస్టారు:
తమ్ముడూ, 30 ఏళ్లుగా ఫిజిక్స్ చెబుతున్నాను. ప్రయోగం అంటే ముందు ఓ ప్రశ్న, తర్వాత కొలత, ఇంకొకరు చేసినా అదే ఫలితం రావాలి. నీకు ఊదా కనిపించింది సరే, మీ పక్కవాడికి? పైగా మూర్ఛ ఉన్నవాళ్లకి అలాంటి వెలుగు ప్రమాదం, ముందు అడిగారా?

రావులపాలెం అక్క:
మూర్ఛ సంగతిలో మీ మాటే నా మాట మాస్టారూ. ఆ సినిమా మొదట్లోనే హెచ్చరిక వేస్తారు, ఇంట్లో వేసినా అడిగి తీరాలి. కానీ కొలవలేదు కాబట్టి సైన్స్ కాదంటే ఒప్పుకోను. చిన్నప్పుడు నాన్నగారి బండి వెనక కూర్చుని సాయంత్రం కాలవ గట్టు మీద వస్తుంటే పడమటెండ కొబ్బరిచెట్ల సందుల్లోంచి మొహం మీద టకటకా పడేది, కళ్లు మూసుకుంటే రెప్పల లోపల ఎర్రటి గళ్లు, మధ్యలో ఆకుపచ్చ చుక్కలు, బండి స్లో అయితే గళ్లు చెదిరిపోయేవి. 1958లో బ్రయన్ గైసిన్ అనే చిత్రకారుడికి ఫ్రాన్స్‌లో బస్సులో పోతుంటే చెట్ల వరుస పక్కన ఇలాంటిదే జరిగింది. ఆయన దాన్ని వదలకుండా, చిల్లులున్న గొట్టంలో బల్బు పెట్టి తిప్పే యంత్రం దాకా తీసుకెళ్లాడు. ఆ రంగు గోడ మీదా లేదు, ఎండలోనూ లేదు, మన కంటికీ మెదడుకీ మధ్య పుడుతోంది. "ఇదేంటి" అని ముందు అనిపిస్తేనే కదండీ కొలవాలనిపించేది.

అమలాపురం కుర్రాడు:
మూర్ఛ గురించి అడగలేదు మాస్టారూ, అది నా తప్పే. ఎవరికేం కనిపించిందో రాసుకోనూ లేదు.

పాలకొల్లు మాస్టారు:
అయితే మళ్లీ వెయ్యి. ఐదుగురికి తలో కాగితం ఇచ్చి, మాట్లాడుకోనివ్వకుండా ఎవరికి ఏ రంగు ఎప్పుడు కనిపించిందో రాయించు. ఇంకో సంగతి, ఫిల్మ్ నడిచేది సెకనుకి 24 ఫ్రేములు, ప్రొజెక్టర్ 60 హెర్ట్జ్‌లో, అంటే సెకనుకి 60 సార్లు బొమ్మ వేసేలా ఉంటే ఒక ఫ్రేము రెండుసార్లు, తర్వాతది మూడుసార్లు పడుతుంది, అప్పుడు నువ్వు చూసేది కాన్రాడ్ లెక్కగట్టిన మినుకు కాదు. ఆ సెట్టింగ్ సరిచేసి పిలువు, నేనూ వస్తాను. అప్పటిదాకా నా లెక్కలో అది కళే.